ఆనోడ్‌ను ధనాగ్రం అనవచ్చునా? అయాన్ల మాటల మీద ఒక చర్చ

వర్తూరు వదిన | శనివారం, రాత్రి 9:40

అందరికీ నమస్కారం. బెంగళూరులో మా అపార్టుమెంట్లలోని తెలుగు పిల్లలు పద్నాలుగు మంది ప్రతి శనివారం సాయంత్రం క్లబ్ హౌసులో చేరి, బడిలో ఇంగ్లీషులో చదివిన సైన్సును తెలుగులో చెప్పుకుంటూ ఉంటారు. సెలవులకు ఊరు వెళ్లినప్పుడు తాతయ్యకు అర్థమయ్యేలా చెప్పగలగాలన్నది మేము పెట్టుకున్న గురి. ఈ నెల అయాన్ల వంతు, అంటే ఎలక్ట్రాన్లు పోయో, చేరో విద్యుదావేశం పొందిన పరమాణువుల, అణువుల వంతు వచ్చింది. గోడకు తగిలించడానికి నేనొక పదాల చార్టు రాసిపెట్టుకున్నాను. ఇవాళ ఆ చార్టే నన్ను ఇరుకున పెట్టింది.

మొదటి ప్రయోగం బాగానే జరిగింది. కాఫీ వడపోత కాగితాన్ని పసుపు, ఉప్పు కలిపిన నీళ్లలో తడిపి, పళ్లెంలో పరిచి, 9 వోల్టుల బ్యాటరీని తలకిందులుగా దాని మీద ఆనించాము. కాసేపటికి మైనస్ కొన కింద ఎర్రటి మచ్చ తేలింది. "ఆంటీ, పారాణి!" అని ఒక పాప అరిచింది. పసుపులో సున్నం కలిపితే పారాణి ఎందుకవుతుందో ఇక్కడా అందుకే ఎరుపెక్కింది: ఆ కొన దగ్గర నీరు ఎలక్ట్రాన్లను తీసుకుని హైడ్రోజన్ వాయువును వదులుతుంది, వెనక మిగిలిన హైడ్రాక్సైడ్ అయాన్ల క్షారగుణానికి పసుపు రంగు మారుతుంది. చార్టులో కాథోడ్ అంటే ఋణాగ్రమనీ (మైనస్ కొన), ఆనోడ్ అంటే ధనాగ్రమనీ (ప్లస్ కొన) రాశాను కనుక అంతవరకు అన్నీ సరిపోయాయి.

రెండోది నిమ్మకాయ. ఒక పక్క జింకు రేకు, మరో పక్క రాగి రేకు గుచ్చి మీటరు పెట్టాము. జింకు మైనస్ అనీ, రాగి ప్లస్ అనీ మీటరు చూపింది. పుస్తకమేమో జింకే ఆనోడ్ అంటున్నది. తొమ్మిదో తరగతి చదివే పిల్ల గోడ వైపు ఒకసారి, మీటరు వైపు ఒకసారి చూసి, "చార్టు తప్పా ఆంటీ, మీటరు తప్పా?" అని అడిగింది. వచ్చే వారం చెబుతానని తప్పించుకున్నాను.

ధనాగ్రం అన్న మాటను ఉంచాలా, కొట్టివేయాలా? పనిలో పనిగా, విద్యుత్తులో చార్జికి వాడే ఆవేశం అన్న మాట సంగతి కూడా తేల్చండి. అది వినగానే పిల్లలు నవ్వుతున్నారు.

మడివాల మాస్టారు | శనివారం, రాత్రి 10:25

వదిన గారూ, మీటరూ సరైనదే, పుస్తకమూ సరైనదే, తప్పు చార్టుదే. అయితే దానికి మీరొక్కరే బాధ్యులు కారు. ముప్పయ్యేళ్లు తెలుగు మాధ్యమంలో రసాయన శాస్త్రం చెప్పిన నేను కూడా మొదటి కొన్నేళ్లు ఆ మాటనే నల్లబల్ల మీద రాశాను.

ఈ మాటలు పుట్టిన తీరు తెలిస్తే చిక్కు ఎక్కడున్నదో కనిపిస్తుంది. 1834లో మైకేల్ ఫారడే విద్యుద్విశ్లేషణ (విద్యుత్తుతో పదార్థాన్ని విడగొట్టడం) మీద రాసేటప్పుడు ధ్రువం అన్న పాత మాటతో ఇబ్బంది పడ్డాడు, ఎందుకంటే ధ్రువం అనగానే అది ద్రావణంలోని కణాలను అయస్కాంతంలాగా దూరం నుంచి లాగుతున్నదన్న అర్థం వస్తుంది, ఆయనకు ఆ సిద్ధాంతం మీద నమ్మకం లేదు. ఏ సిద్ధాంతానికీ కట్టుబడని పేర్లు కావాలని కేంబ్రిడ్జిలోని విలియం హ్యూయెల్ అనే పండితుణ్ణి ఉత్తరాల ద్వారా సంప్రదించాడు. ఆనోడ్, కాథోడ్, ఆనయాన్, కాటయాన్, అయాన్ అన్న అయిదు మాటలూ గ్రీకు ధాతువుల నుంచి అలా వచ్చాయి.

ఆ పేర్ల వెనక ఉన్న ఊహ చాలా అందమైనది. భూమి అయస్కాంతత్వానికి కారణం భూమి చుట్టూ తూర్పు నుంచి పడమరకు సాగే విద్యుత్ప్రవాహమని అనుకుని, మన ద్రావణాన్ని కూడా అదే దిశలో అమర్చితే, ప్రవాహం లోపలికి వచ్చే వైపు సూర్యుడు ఎక్కే వైపు అవుతుంది, బయటికి పోయే వైపు సూర్యుడు దిగే వైపు అవుతుంది. ఆనోడ్ అంటే ఎక్కే దారి, కాథోడ్ అంటే దిగే దారి. (నన్నడిగితే తెలుగులో ఉదయాగ్రం, అస్తాగ్రం అని ఉండవలసింది. ఎవరూ పెట్టలేదు, ఇప్పుడు పెట్టినా ఎవరూ వాడరు.) ఎలక్ట్రాను అప్పటికి ఎవరికీ తెలియదు. జె. జె. థామ్సన్ దానిని గుర్తించినది 1897లో. విద్యుత్తు గురించిన అభిప్రాయాలు రేపు మారినా పేర్లు చెక్కుచెదరకూడదని ఫారడే ముందే జాగ్రత్త పడ్డాడు. ఆయన పనిగట్టుకుని తీసివేసిన ధన, ఋణ గుర్తులను మనం అనువాదంలో మళ్లీ తెచ్చి అతికించాము.

ఇక పిల్లలకు చెప్పవలసినది ఇది. ఆక్సీకరణం (ఎలక్ట్రాన్లను పోగొట్టుకోవడం) జరిగే చోటు ఆనోడ్, క్షయకరణం (ఎలక్ట్రాన్లను పొందడం) జరిగే చోటు కాథోడ్. ఎలక్ట్రాన్లు ఎప్పుడూ ఆనోడ్ నుంచే తీగలోకి వెళతాయి. మీ పసుపు కాగితంలో బయటి బ్యాటరీ ఎలక్ట్రాన్లను బలవంతంగా లాగుతున్నది కనుక ఆనోడ్ ప్లస్ కొన దగ్గర ఉన్నది. నిమ్మకాయలో జింకు తనంతట తానే ఎలక్ట్రాన్లను వదిలి తీగలోకి నెడుతున్నది కనుక ఆనోడ్ మైనస్ అయింది. జరిగే పని ఒకటే, గుర్తు మాత్రం మారింది.

బ్యాటరీ బండి | శనివారం, రాత్రి 11:10

మాస్టారి మాటకు మా రంగం నుంచి ఒక తిరకాసు చేరుస్తాను. నేను బెంగళూరులో విద్యుత్ స్కూటర్ల బ్యాటరీల మీద పనిచేస్తాను. లిథియం అయాన్ బ్యాటరీలో బండి నడిచేటప్పుడు లిథియం అయాన్లు గ్రాఫైటు వైపు నుంచి లోహపు ఆక్సైడు వైపుకు వెళతాయి, రాత్రి పార్కింగులో చార్జింగ్ పెట్టినప్పుడు తిరిగి గ్రాఫైటులోకి వచ్చి దూరతాయి. మాస్టారు చెప్పిన సూత్రాన్ని అక్షరాలా పాటిస్తే, ప్లగ్గు పెట్టిన ప్రతిసారీ ఆనోడ్, కాథోడ్ పేర్లు తారుమారు కావాలి. అలా పిలవడం మొదలుపెడితే ఫ్యాక్టరీలో ఎవరి మాట ఎవరికీ అర్థం కాదు. అందువల్ల బండి నడిచేటప్పటి పేర్లనే ఖాయం చేసుకుని, గ్రాఫైటును ఎల్లవేళలా ఆనోడ్ అంటాము. గుర్తు సంగతి మాత్రం స్థిరం, గ్రాఫైటు కొన రెండు దశల్లోనూ మైనసే.

ఆవేశం మీద వదిన గారి అనుమానానికి కూడా నా సమాధానం చెబుతాను. ఆ మాటను వదులుకోకండి. చార్జి అన్నది తెలుగులో బస్సు చార్జీకి, లాఠీచార్జికి, ఫోన్ చార్జింగుకు ఇప్పటికే ఖర్చయిపోయింది. అంతకన్నా ముఖ్యంగా, చార్జింగ్ పెడితే బ్యాటరీలోకి విద్యుదావేశం నిండుతుందని మంచి చదువులు చదివిన వాళ్లు కూడా అనుకుంటారు. ఒక కొన నుంచి ఎన్ని ఎలక్ట్రాన్లు లోపలికి పోతాయో రెండో కొన నుంచి అన్నీ బయటికి వస్తాయి. నిండిన బ్యాటరీ ఎంత తటస్థమో ఖాళీ బ్యాటరీ కూడా అంతే తటస్థం. నిండేది శక్తి. ఇంగ్లీషులో రెంటికీ ఒకే మాట ఉండటం వల్ల వచ్చిన ఈ పొరపాటు, చార్జింగుకు ఒక మాట, ఆవేశానికి ఒక మాట ఉన్న తెలుగులో రానక్కరలేదు.

తొలకరి | ఆదివారం, ఉదయం 7:05

నేను సైన్సు వ్యాసాలను అనువదిస్తూ ఉంటాను. ఆవేశం మాట మంచిదే, దానికి తగిలించే తోకలతోనే వస్తుంది తంటా. పత్రికల్లో "ఆవేశపూరిత కణాలు" అని చదివినప్పుడల్లా ఆ కణాలు మైకు ముందు బల్ల గుద్ది ఉపన్యాసం ఇస్తున్నట్లు నాకు కనిపిస్తుంది. పూరిత అన్న తోక మనిషి కోపానికి అలవాటైన తోక. ఆవేశిత కణం అంటే చాలు. మొదటిసారి వచ్చినప్పుడు విద్యుదావేశిత కణం అని పూర్తిగా రాసి, తరువాత కుదించుకోవచ్చు. పిల్లలు నవ్వడం నష్టమేమీ కాదు. నవ్విన మాట గుర్తుంటుంది.

అయాను విషయంలో నాకు వేరే పేచీ ఉన్నది. పుస్తకాల్లో అయాను, అయాన్ అన్న రెండు రూపాలూ కనిపిస్తాయి, అయాన్లుగా మారడమన్న క్రియకు వచ్చేసరికి ఒకచోట అయానీకరణం, మరొకచోట అయనీకరణం అని ఉంటుంది. అయాను నుంచి వచ్చినది అయానీకరణమే కావాలి కదా. అయనీకరణం అచ్చుతప్పుగా పుట్టి స్థిరపడిపోయిందని నా అభిప్రాయం.

కోలారు కలం | ఆదివారం, ఉదయం 8:30

మాది కోలారు వైపు. ఇంట్లో తెలుగు, బడిలో కన్నడం, ఉద్యోగం బెంగళూరులో, కొన్నేళ్లు చెన్నైలో. ఇరుగుపొరుగు భాషల్లో ఎలా ఉన్నదో చెబితే వదిన గారికి పనికిరావచ్చు. కన్నడంలో కూడా అయాను, విద్యుదావేశ అన్న మాటలే ఉన్నాయి. ఆనోడ్, కాథోడ్లకు ధనాగ్ర, ఋణాగ్ర అన్న మాటలు కన్నడంలోనూ ఉన్నాయి, హిందీలోనూ ఉన్నాయి కనుక నిమ్మకాయ దగ్గర తడబడేది మనం ఒక్కరమే కాదు. తమిళులు అయాన్‌ను అయని అంటారు. ఆవేశానికి వాళ్ల మాట మిన్నూట్టం. మిన్ అంటే విద్యుత్తు, ఊట్టం అంటే తినిపించడం, ఇక్కడ కన్నడిగులు భోజనానికి అనే ఊట దానికి చుట్టమే. విద్యుత్తును తినిపించడమన్న ఊహ నాకు నచ్చింది, అయితే బ్యాటరీ బండి గారు చెప్పిన చార్జింగ్ పొరపాటు అక్కడ ఇంకా తేలికగా దొర్లుతుందేమోనని అనుమానం.

మడివాల మాస్టారు | ఆదివారం, ఉదయం 10:15

తొలకరి గారూ, అయనీకరణాన్ని అచ్చుతప్పు అని కొట్టిపారేయకండి. అయాన్ అన్నది గ్రీకులో "వెళ్లేది" అని అర్థమిచ్చే మాట. దాని ధాతువూ, సంస్కృతంలో వెళ్లడమన్న అర్థంలో ఉన్న "ఇ" ధాతువూ భాషాశాస్త్రం ప్రకారం ఒకే మూలానివి. ఆ "ఇ" నుంచే అయనం వచ్చింది. ఉత్తరాయణం సూర్యుడి నడక, రామాయణం రాముడి నడక. హ్యూయెల్ గ్రీకులో వెతికి తెచ్చిన మాటకు మన పంచాంగంలో ఎప్పటి నుంచో ఒక పినతండ్రి కొడుకు ఉన్నాడన్నమాట. అయనీకరణమని మొదట రాసిన వారు ఇది ఎరిగి రాశారో లేదో చెప్పలేను కాని, ఆ రూపానికి వంశం ఉన్నది. చార్టులో మాత్రం ఏదో ఒకటే ఉంచండి, ఒకే గోడ మీద రెండు రూపాలు వద్దు.

పదో తరగతి | ఆదివారం, మధ్యాహ్నం 12:40

సార్, నేను వదిన గారి క్లాసుకు వస్తాను. నాది ఒక సందేహం. ఉప్పు ఏర్పడేటప్పుడు సోడియం తన ఎలక్ట్రాన్‌ను పోగొట్టుకుంటుంది కదా. పోగొట్టుకున్న దానిని ధన అయాను అనీ, సంపాదించుకున్న క్లోరిన్‌ను ఋణ అయాను అనీ అనడం తలకిందులుగా లేదా?

మడివాల మాస్టారు | ఆదివారం, మధ్యాహ్నం 2:10

బాబూ, ఈ ప్రశ్నకు ఇంగ్లీషులో కన్నా తెలుగులోనే తేలికగా జవాబు దొరుకుతుంది. ధనం అంటే చేతిలోని సొమ్ము, ఋణం అంటే అప్పు. క్రీ.శ. 628లో బ్రహ్మగుప్తుడు ధన, ఋణ సంఖ్యల కూడికలు, తీసివేతలు, గుణకారాలకు సూత్రాలు చెప్పినప్పుడు ఈ రెండు మాటలనే వాడాడు. విద్యుత్తుకు వాటిని తగిలించడం చాలా తరువాతి సంగతి. ప్లస్, మైనస్ అని 1747 ప్రాంతంలో పేరు పెట్టినవాడు బెంజమిన్ ఫ్రాంక్లిన్. ఏ వైపు ప్లస్ అనాలో ఆయన ఊహ మీద నిర్ణయించాడు. ఆ లెక్కలో ఎలక్ట్రాను మైనస్ వైపు పడిందని నూట యాభై ఏళ్ల తరువాత గాని తేలలేదు.

ఇప్పుడు సోడియం ఇంటి లెక్క చూడు. కేంద్రకంలో 11 ప్రోటాన్లు ఉన్నాయి, అవి 11 రూపాయల రొక్కం అనుకో. చుట్టూ 11 ఎలక్ట్రాన్లు ఉన్నాయి, అవి ఒక్కొక్కటి రూపాయి చొప్పున 11 ప్రోనోట్లు. రొక్కం, అప్పు సరికి సరి, కనుక సోడియం పరమాణువు తటస్థం. ఒక ప్రోనోటును క్లోరిన్ తీసుకుపోయింది. సోడియం దగ్గర రొక్కం 11, అప్పు 10 ఉన్నాయి, అంటే ఒక రూపాయి ధనం మిగిలింది. క్లోరిన్ దగ్గర రొక్కం 17, అప్పు 18 ఉన్నాయి, అంటే ఒక రూపాయి ఋణం తేలింది. సోడియం పోగొట్టుకున్నది అప్పును. అప్పు తీరినవాడు ధనవంతుడు కావడంలో తలకిందులేమున్నది? మరొకరి అప్పును క్లోరిన్ ఎందుకు నెత్తిన వేసుకుంటుందని మాత్రం ఈ ఉపమానాన్ని అడగకు. అక్కడ బయటి కక్ష్యలో ఎనిమిదో ఎలక్ట్రాను కోసం ఉన్న ఖాళీ సంగతి చెప్పాలి, అది ప్రోనోట్ల భాషకు లొంగదు.

అందుకే కాటయాన్‌ను ధన అయాను అన్నా, ఆనయాన్‌ను ఋణ అయాను అన్నా నాకు అభ్యంతరం లేదు. అయాను గుర్తు దాని సొంతం, ఏ ఘటంలో వేసినా మారదు. ఆనోడ్ గుర్తు అలా కాదు.

పీణ్య ప్లేటింగ్ | ఆదివారం, సాయంత్రం 5:50

పెద్దలు మన్నించాలి, నేను పనిచేసే మనిషిని. బెంగళూరు పారిశ్రామికవాడ పీణ్యలో నికెల్ ప్లేటింగ్ (పూత వేసే) తొట్ల దగ్గర ఇరవై ఏళ్లుగా ఉన్నాను. మా దగ్గర ధనాగ్రమూ లేదు, విద్యుద్విశ్లేష్యమూ (ఎలక్ట్రోలైటు) లేదు. తొట్టి, ద్రావణం, ప్లస్ కడ్డీ, మైనస్ కడ్డీ, అంతే. పూత పడవలసిన సామాను మైనస్ కడ్డీకి వేలాడుతుంది, నికెల్ పలకలు ప్లస్ కడ్డీకి ఉంటాయి. నేను మొదట చేరిన చోట ఒక కుర్రవాడు క్లిప్పులు తారుమారు చేసి భోజనానికి పోయాడు. తిరిగి వచ్చేసరికి ఇనుప సామాను మీద పూత పడకపోగా, సామానే అంచుల వెంట కరిగి, ఇనుము ద్రావణంలోకి దిగి, తొట్టి మొత్తం పాడైంది. కాబట్టి ప్లస్, మైనస్ అన్న మాటలను చిన్నచూపు చూడకండి. చేతిలో తీగ పట్టుకున్నవాడికి కావలసినవి అవే.

మడివాల మాస్టారు | ఆదివారం, సాయంత్రం 6:30

మీ మాటతో ఏకీభవిస్తాను. ప్లస్, మైనస్ అన్నవి కడ్డీకి పేర్లు, ఆనోడ్, కాథోడ్ అన్నవి అక్కడ జరిగే పనికి పేర్లు. మీ కుర్రవాడు క్లిప్పులు మార్చినప్పుడు ఇనుప సామాను ఆనోడ్ అయిపోయింది, కనుకనే కరిగింది. విద్యుద్విశ్లేష్యం గురించి కూడా మీరన్నదే నిజం. ఎలక్ట్రోలైట్ అన్న మాట విరేచనాలకు తాగే పొట్లాల మీద నుంచి ప్రతి ఇంటికీ చేరిపోయింది. విద్యుద్విశ్లేషణం పని పేరు, అది ఉండాలి. విద్యుద్విశ్లేష్యం కోసం నేను పోట్లాడను.

తొలకరి | ఆదివారం, రాత్రి 8:20

కణం అన్న మాట మీద కూడా ఒక హెచ్చరిక. నాడుల గురించిన వ్యాసంలో నేను ఒకసారి "ఆవేశిత కణాలు కణంలోకి ప్రవేశిస్తాయి" అని రాశాను, అచ్చులో చూసుకున్నాక సిగ్గేసింది. జీవశాస్త్రంలో కణం అంటే ప్రాణమున్న కణం. మన కణాల పొరలో ఒక పంపు ఉంటుంది, అది మూడు సోడియం అయాన్లను బయటికి నెట్టినప్పుడల్లా రెండు పొటాషియం అయాన్లను లోపలికి తెస్తుంది. నాడీకణం ఊరికే ఉన్నప్పుడు దాని లోపలి వైపు బయటితో పోలిస్తే సుమారు 70 మిల్లీవోల్టుల ఋణంలో ఉంటుంది. ఇలాంటి చోట అయాన్లు అనే రాయాలి, కణాలు అనకూడదు. ప్లాస్మా అన్నా అంతే. రక్తంలోని ప్లాస్మా వేరు, 1928లో ఇర్వింగ్ లాంగ్‌మ్యూర్ అయానీకరణం చెందిన వాయువుకు పెట్టిన ప్లాస్మా వేరు.

ఆకాశదీపం | ఆదివారం, రాత్రి 9:15

లాంగ్‌మ్యూర్ పేరు వచ్చింది కనుక ఒక మాట. ఆయన పేరుతో ఉన్న పరికరం చంద్రయాన్-3 ల్యాండరులో చంద్రుడి దక్షిణ ధ్రువ ప్రాంతానికి వెళ్లి, నేల దగ్గర ఘనపు మీటరుకు 50 లక్షల నుంచి 3 కోట్ల దాకా ఎలక్ట్రాన్లున్న పలుచని ప్లాస్మాను కొలిచింది. 2023 సెప్టెంబరు 2న బయలుదేరి, 2024 జనవరి 6న భూమికి, సూర్యుడికి మధ్యనున్న ఎల్1 బిందువు చుట్టూ కక్ష్యలోకి చేరిన సూర్య పరిశీలక నౌక ఆదిత్యలో సౌర పవనపు అయాన్లను కొలిచే పరికరాలున్నాయి. దాని ప్రధాన దూరదర్శినిని మన బెంగళూరు భారత ఖగోళ భౌతిక సంస్థ హొస్కోటె ప్రాంగణంలో తయారు చేసింది.

పిల్లలకు ఇక్కడ ఒక తేడా చూపించవచ్చు. సౌర పవనంలో ప్రోటాన్లు, ఆల్ఫా కణాలు, ఎలక్ట్రాన్లు ఉంటాయి. అన్నీ ఆవేశిత కణాలే. ప్రోటాను అంటే ఎలక్ట్రాను పోయిన హైడ్రోజన్, ఆల్ఫా అంటే రెండు ఎలక్ట్రాన్లూ పోయిన హీలియం కనుక వాటిని అయాన్లు అనవచ్చు. ఒంటరి ఎలక్ట్రాన్‌ను మాత్రం ఎవరూ అయాను అనరు. ప్రతి అయానూ ఆవేశిత కణమే, ప్రతి ఆవేశిత కణమూ అయాను కాదు.

వర్తూరు వదిన | సోమవారం, ఉదయం 6:50

అందరికీ కృతజ్ఞతలు. చార్టులో ధనాగ్రం, ఋణాగ్రం రెండూ కొట్టివేశాను. ఆనోడ్ పక్కన "ఎలక్ట్రాన్లు తీగలోకి వెళ్లిపోయే చోటు" అనీ, కాథోడ్ పక్కన "ఎలక్ట్రాన్లు తీగలో నుంచి వచ్చి చేరే చోటు" అనీ రాశాను. ధన అయాను, ఋణ అయాను, ఆవేశిత కణం ఉంటాయి. అయానీకరణం ఒక్క రూపమే ఉంచాను, మాస్టారి అయనం కథను నోటితో చెబుతాను. మా సముదాయంలో బోరు నీళ్ల కాఠిన్యం పోగొట్టే యంత్రానికి నెలనెలా ఉప్పు బస్తాలు పోస్తుంటారు. ఒక్క కాల్షియం అయాన్‌ను పట్టుకోవడానికి అది రెండు సోడియం అయాన్లను ఎందుకు వదలాలో ఈ శనివారం ప్రోనోట్ల లెక్కతోనే చెప్పిస్తాను. గురువారం చార్టును అచ్చుకు ఇస్తున్నాను.

మడివాల మాస్టారు | సోమవారం, ఉదయం 7:20

అచ్చుకు ఇచ్చే ముందు ఫైలును ఆ దుకాణం కంప్యూటరులో ఒకసారి తెరిచి చూడండి. పోయినసారి నేను ఇక్కడ అచ్చు వేయించినప్పుడు ఋ ఉన్న ప్రతిచోటా ఖాళీ డబ్బా పడింది. అవసరమైతే రుణ అయాను అని రాయండి, పత్రికలన్నీ అలాగే రాస్తున్నాయి.